పరుపు మీద నోటీసు

మా బావ పరుపులు కుడతాడు. ఊళ్ళో అందరూ ఆయన్ని పరుపుల బావ అనే పిలుస్తారు. మా అక్కని చేసుకున్నాడు కాబట్టి నాకు బావ, సరే. ఊరందరికీ ఎలా బావ అయ్యాడని ఎవరినైనా అడుగుదామంటే, ఆ మాట చెవినబడి ఆయనే వచ్చి చెప్పడం మొదలుపెడతాడని భయం.

ఆయన మాట్లాడటం మొదలుపెడితే ఆపే మొనగాడు ఇంకా పుట్టలేదు. అందులో ఆయన తప్పు కొంత, మిషను తప్పు కొంత. పాత పరుపుల్లో గడ్డకట్టిన దూదిని బయటికి లాగి, మిషనులో వేసి ఏకి, మళ్ళీ నింపి కుట్టాలి. ఆ మిషను ఆన్ చేస్తే గోడమీద పిల్లి దిగి వేరే వీధికి వెళ్ళిపోతుంది. రోజంతా ఆ మోతను మించి అరుస్తూ మాట్లాడీ మాట్లాడీ బావ గొంతు అలా ఖాయమైపోయింది. మిషను ఆగినా గొంతు ఆగదు. ఎదుటివాడి పెదాలు కదులుతుంటే, ఆహా, నా మాటలకి ఊ కొడుతున్నాడు అనుకుంటాడు.

మిషను ఉండేది ఇంటి పక్కన, రేకుల కింద, వాళ్ళ నాన్న వదిలివెళ్ళిన ఖాళీ స్థలంలో. స్థలమంటే పెద్ద మైదానం ఊహించుకోకండి. పరుపులు ఎండకి నిలబెడితే మనిషి అడ్డంగా తిరిగి నడవాలి. కానీ బావ బతుకంతా ఆ జానెడు జాగాలోనే ఉంది. మిషనుని ఇంట్లో పెడితే అన్నంలో దూది, మంచినీళ్ళలో దూది. స్థలం పోతే మిషను పోతుంది, మిషను పోతే మా అక్క ఇంట్లో పొయ్యి ఆరిపోతుంది. నాది సైకిళ్ళ రిపేరు షాపు. వాళ్ళ పొయ్యి ఆరిపోతే ఆ సెగ ఎవరికి తగులుతుందో నేను చెప్పక్కర్లేదు.

అలాంటి స్థలం మీద తగాదా నడుస్తోందని మాకు ఎవరు చెప్పారనుకున్నారు? లాడ్జి మేనేజరు!

ఆయన ఒకరోజు మధ్యాహ్నం బండి మీద పరుపు వేసుకుని వచ్చాడు. కొంతకాలం క్రితం బావ బాగుచేసి ఇచ్చిన పరుపే. దాన్ని దింపి, బోర్లా తిప్పి, బావకి చూపించాడు. అడుగువైపు గుడ్డకి పెద్ద కాగితం ఒకటి గట్టిగా అతుక్కుని ఉంది, కింద గుండ్రటి ముద్ర.

"ఏంటిది బావా? మా లాడ్జిలో దిగినాయన రాత్రంతా కింద ఏదో గరగరమంటోందని నన్ను లేపి తిట్టాడు. తిప్పి చూస్తే నీ స్థలం తగాదా. నీ తగాదా మీద నువ్వు పడుకోవాలి గానీ, మా గెస్టులెందుకు పడుకోవడం?" అన్నాడు.

బావ ఆ కాగితాన్ని చూసి "ఓస్, ఇదా! ఇది మీ లాడ్జి చీటీ కదా. రూము నంబరేమో అనుకున్నా" అన్నాడు. పరుపులు కలిసిపోకుండా లాడ్జివాళ్ళు వాటికి చీటీలు అంటిస్తుంటారు. ఎండకి నిలబెట్టిన పరుపు మీద ఈ కాగితం కనబడితే, చీటీ చిరగకూడదని బావ దాని చుట్టూ ఎంతో జాగ్రత్తగా కుట్టు వేసి మరీ పంపాడు. ఆ కుట్టు చూపించి మేనేజరు దగ్గర మెచ్చుకోలు కూడా ఆశించాడు.

నేను వంగి చదివాను. నా గుండెల్లో రాయి పడింది. స్థలం తనదని పక్క రంగుల షాపాయన అర్జీ పెట్టుకున్నాడట. బావ ఫలానా తేదీన భూముల ఆఫీసుకి వచ్చి తన మాట చెప్పుకోవాలట. ఆ తేదీ ఎప్పుడో దాటిపోయింది.

అప్పటికప్పుడు షాపు మూసి బావని లాక్కుని ఆఫీసుకి పరిగెత్తాను. అక్కడ పెద్ద గుమాస్తా అని ఒకాయన ఉన్నాడు. మనిషి చెడ్డవాడు కాదు, రూలు దాటి తుమ్మను కూడా తుమ్మడు.

"మీకు నోటీసు ఇచ్చాం. మీరు రాలేదు. మీకు చెప్పుకోవడానికి ఏమీ లేదని రాసుకుని, స్థలం ఆయన పేరు మీదకి మార్చేశాం" అన్నాడు.

"పరుపుకి అంటించి ఇచ్చామంటారేంటండీ!" అన్నాను నేను. నాకు అరికాలి మంట నెత్తికెక్కింది.

"మనిషి దొరక్కపోతే తగాదాలో ఉన్న స్థలంలో, అందరికీ బాగా కనబడే చోట అంటించాలి. అదీ రూలు. ఆ స్థలంలో అన్నిటికంటే బాగా కనబడేది ఏది? పరుపు."

"మా బావ అక్కడే మిషను దగ్గర ఉండుంటాడు కదా. పిలవలేదా?"

"మా బంట్రోతు చాలాసేపు పిలిచాడట. ఈయన వెనక్కి తిరక్కుండా దూది రకాల గురించి చెబుతూనే ఉన్నాడట. ఎవరికి చెబుతున్నాడో మావాడికి అర్థం కాలేదు."

బావ నోరు తెరిచాడు. అదేం విచిత్రమో, ఆ ఆఫీసులో ఆయన "అసలు మా నాన్న..." అనేలోపే "పై అధికారికి అర్జీ పెట్టుకోండి" అని గుమాస్తా ఫైలు మూసేశాడు. బయటికి వచ్చాక బావ మెట్ల మీద నిలబడి రొప్పుతూ, "చూశావురా బావమరిదీ! మనిషి మాట్లాడుతుంటే మధ్యలో ఫైలు మూసేస్తాడా! వినాలా వద్దా? నా స్థలం లాక్కునేటప్పుడు నా మాట వినాలా వద్దా?" అన్నాడు. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. అంతవరకూ ఆయన్ని ఆటపట్టించడమే గానీ ఆయన మీద జాలిపడటం నాకు అలవాటు లేదు. ఆ రోజు పడ్డాను.

పై అధికారికి అర్జీ పెట్టాం. తారీఖు కోసం కాళ్ళరిగేలా తిరిగాం. ఈలోగా రంగుల షాపాయన స్థలంలోకి అడుగు పెట్టలేదు, డబ్బాలు దించలేదు, ఏమీ చెయ్యలేదు. అది నాకు ఆశ్చర్యమే. బావకి మాత్రం ఏ ఆశ్చర్యమూ లేదు, ఆయన ఉపన్యాసం తయారుచేసుకునే పనిలో ఉన్నాడు. నేను పంక్చర్లు వేస్తుంటే నా నెత్తిన నిలబడి చెప్పేవాడు. దిండ్లు తెచ్చినవాళ్ళకి చెప్పేవాడు. "అమ్మా, ఈ స్థలంలో మా నాన్న మొదటి పరుపు కుట్టిన రోజు..." అని మొదలయ్యేది. చివర ఎలా ఉంటుందో నాకు తెలియదు, చివరిదాకా నిలబడినవాళ్ళు ఎవరూ లేరు. రంగుల షాపాయన్ని మాటలతో కడిగిపారేసే ఘట్టం మాత్రం మధ్యలో ఉంది. అది రోజురోజుకీ పెరిగేది.

విచారణ రోజున మేం ముగ్గురం వెళ్ళాం. బావ, మా అక్క, నేను. నాలుగో శాల్తీ పరుపు. నోటీసు ఊడదీస్తే చిరిగిపోతుంది, పరుపుతోనే చూపించాలి కదా. దాన్ని నా నెత్తిన పెట్టారు. "నువ్వైతే కుర్రాడివి" అన్నాడు బావ. నాకు నెత్తి మీద వెంట్రుకలు కూడా లేవు! ఆ భూముల ఆఫీసు మెట్ల మీద మలుపు తిరగలేక పరుపూ నేనూ ఇరుక్కుపోతే, పైనుంచి దిగేవాళ్ళు ఆగి, ఆఫీసులో ఎవరికో పడక వేస్తున్నారని అనుకున్నారు. వరండాలో గోడకి ఆనించేలోపే ఎవరో ముసలాయన దాని మీద కూర్చున్నాడు, కాసేపటికి పడుకున్నాడు. మమ్మల్ని పిలిచినప్పుడు ఆయన్ని లేపాల్సి వచ్చింది. "తీర్పు వచ్చిందా?" అంటూ లేచాడు పాపం.

లోపల అధికారి ఒక ఆవిడ. కళ్ళజోడు ముక్కు మీదకి జారి ఉంది. పరుపు చూసింది, నోటీసు చూసింది, దాని చుట్టూ బావ వేసిన కుట్టు చూసింది. నవ్వు ఆపుకోవడానికి మంచినీళ్ళు తాగింది. తర్వాత పక్కనే నిలబడ్డ పెద్ద గుమాస్తా వైపు తిరిగి, "పరుపుకి అంటిస్తే ఈయనకి అందినట్టా? ఈయన మాట వినకుండా ఈయన స్థలం ఇంకొకరి పేరున రాస్తారా? ఆ ఉత్తర్వు కొట్టేస్తున్నాను" అని కలం తీసింది.

నాకైతే నెత్తిన పాలు పోసినట్టయింది. మా అక్క చేతులు జోడించింది. బావ మాత్రం బిక్కమొహం వేశాడు.

"మరి నేను మాట్లాడక్కర్లేదా మేడమ్?"

"అక్కర్లేదండీ. తీర్పు మీ పక్షానే వచ్చేసింది."

"నేను తయారై వచ్చానమ్మా!"

"అర్థమైంది. వెళ్ళిరండి."

బావ గదంతా కలయజూశాడు. "అవునూ, రంగుల షాపువాడేడి? వాడు రాలేదేం?"

పెద్ద గుమాస్తా ఫైలు తిప్పి, "ఆయనకీ నోటీసు ఇచ్చాం. రాలేదు. చెప్పుకోవడానికి ఏమీ లేదని రాసుకున్నాం" అన్నాడు.

"ఎక్కడ అంటించారు?" అన్నాను నేను ఊరుకోలేక.

"షాపు షట్టరుకి. మావాడు పొద్దున్నే వెళ్ళాడు, మూసి ఉంది. షాపులో బాగా కనబడేది షట్టరే కదా."

ఆయన షట్టరు ఎత్తితే కాగితం కూడా చుట్టుకుని పైకి పోతుంది. పొద్దున్న ఎత్తిన మనిషి చీకటిపడ్డాక గానీ దించడు. ఆ సంగతి గదిలో అందరికీ ఒకేసారి తట్టింది. బావ తొడ చరిచి పకపకా నవ్వాడు. నవ్వుతూ నవ్వుతూ ఆగిపోయాడు.

"అయితే వాడికి తెలీదన్నమాట" అన్నాడు. "మేడమ్, వాణ్ణి పిలిపించండి."

మా అక్క ఆయన చొక్కా పట్టుకుని లాగింది. నేను కాలు తొక్కాను. "బావా, గెలిచాం. నోరుమూసుకుని పద" అన్నాను చెవిలో. మా బావ మహాత్ముడనీ, ధర్మం కోసం అలా అన్నాడనీ మీరు అనుకుంటే పొరపాటు. ఆయన బాధ వేరు. "వాడు లేకుండా నేనెవర్ని తిట్టనురా? ఇన్నాళ్ళూ తయారుచేసుకుంది ఈ గోడలకి చెప్పుకోనా?" అన్నాడు, తన గొంతుతో, అంటే పక్క గదికి వినబడేలా.

ఆవిడ మాత్రం కలం కింద పెట్టేసింది. ముఖంలో నవ్వు పోయింది. "ఆయన చెప్పిన కారణం ఏదైనా, అడిగింది సరైనదే. నేనే చూసుకోవాల్సింది" అని, "ఆయన్ని ఎవరైనా వెళ్ళి తీసుకొస్తారా?" అంది. అందరూ నా వైపు చూశారు. సైకిలు నాదే కదా!

చూడండి నా ఖర్మ. గెలిచిన కేసులో ఓడినవాణ్ణి నేనే సైకిలు మీద మోసుకురావాలి. షాపులో ఆయన కర్రతో రంగు కలుపుతున్నాడు. షట్టరు సగానికి లాగి నోటీసు చూపిస్తే తెల్లబోయాడు. చేతులు కూడా సరిగ్గా తుడుచుకోకుండా వచ్చి క్యారేజీ మీద కూర్చున్నాడు. కొంతదూరం వెళ్ళాక మెల్లగా అడిగాడు.

"మీ బావ వచ్చాడా?"

"వచ్చాడు."

"మాట్లాడుతున్నాడా?"

"ఇంకా మొదలుపెట్టలేదు."

"అయితే కాస్త నిదానంగా తొక్కు బాబూ" అన్నాడు.

మేం వెళ్ళేసరికి ఆవిడ రెండు కుర్చీలు ఎదురెదురుగా వేయించింది. "ఒకరు మాట్లాడేటప్పుడు రెండోవాళ్ళు నోరు విప్పకూడదు. ఇద్దరు చెప్పేదీ ఇద్దరి ఎదుటే వింటాను" అంది. ముందు బావ. అబ్బో! వాళ్ళ నాన్న మొదటి పరుపు దగ్గర మొదలుపెట్టాడు. వాళ్ళ నాన్న పేరున ఉన్న పాత కాగితం చూపించాడు. దూది రకాలు వచ్చాయి, పీచు పరుపుల మోసం వచ్చింది, రంగుల షాపాయన్ని కడిగే ఘట్టం వచ్చింది. గుమాస్తా రెండుసార్లు ఆవులించాడు. రంగుల షాపాయన మాత్రం తలొంచుకుని, ఒక్క ముక్క అడ్డురాకుండా విన్నాడు. చివరికి బావే ఆయాసపడి కూర్చున్నాడు. అలా ఆయన తనంతట తాను ఆగడం నేను మొదటిసారి చూశాను.

"ఇప్పుడు మీరు చెప్పండి" అంది ఆవిడ.

"అమ్మా, నేను కొన్నప్పుడు కాగితంలో..." అని రంగుల షాపాయన అన్నాడో లేదో, "ఏ కాగితం? ఏం కాగితం?" అని బావ ఒంటికాలి మీద లేచాడు. ఆవిడ బల్ల మీద చెయ్యి వేసి, "మీరు చెప్పినంతసేపూ ఆయన విన్నారు. కూర్చోండి" అంది. బావ కూర్చున్నాడు. మళ్ళీ లేచాడు. మళ్ళీ కూర్చోబెట్టింది. ఆఖరికి రెండు చేతులూ తొడల కింద పెట్టుకుని, పళ్ళు కరుచుకుని కూర్చున్నాడు.

"నాకు ఆ స్థలం అక్కర్లేదమ్మా" అన్నాడు రంగుల షాపాయన.

గుమాస్తా ఆవులింత మధ్యలోనే ఆగిపోయింది.

"నా బాధ దూదితో. షాపు ముందు చెక్కలకి రంగులు వేసి ఆరబెడతాను, కొనేవాళ్ళు చూసుకోవాలి కదా. ఈయన మిషను వెయ్యగానే దూది ఎగిరొచ్చి తడి రంగుకి అతుక్కుంటుంది. ఆకుపచ్చ కావాలని వచ్చినాయన, 'ఇది ఆకుపచ్చా, బూజా?' అని అడిగి వెళ్ళిపోయాడు. నా బోర్డు కొత్తగా రాయించాను. తెల్లారేసరికి అక్షరాలకి మీసాలు, గడ్డాలు. బేరాలు పోతున్నాయమ్మా, ఇంట్లో చెప్పుకోలేకపోతున్నాను."

"ఆ సంగతి ఈయనతో చెప్పొచ్చు కదా? స్థలం కోసం అర్జీ ఎందుకు పెట్టారు?"

"ఈ ఆఫీసుకి దూది గురించే చెప్పుకుందామని వచ్చాను. 'దూది మా పరిధి కాదు, స్థలమైతే రాసుకుంటాం' అన్నారు. ఎవరో ఒకరు రాసుకుంటామన్నారు, అదే పదివేలని స్థలం అనే చెప్పాను. నా పాత కాగితంలో హద్దు సరిగ్గా లేదని వాళ్ళే చూసి పెట్టారు." పెద్ద గుమాస్తా కిటికీలోంచి బయటికి చూడటం మొదలుపెట్టాడు.

బావ ఇక ఆగలేకపోయాడు. ఈసారి అరుపు కాదు, ఏడుపు గొంతు. "అయ్యా, పక్కపక్కన ఉంటున్నామే! నాతో ఒక్క ముక్క చెప్పొద్దా? నేనేం పులినా? నా నోటి దగ్గర కూడు లాక్కునే ముందు ఒక్క మాట చెప్పొద్దా?"

జవాబు మా అక్క దగ్గర్నుంచి వచ్చింది.

"చెప్పారండీ" అంది. "ఎన్నిసార్లు వచ్చారో! నేను కిటికీలోంచి చూస్తూనే ఉన్నాను. ఒకసారి వస్తే మీరు ఆయనకి దూది రకాలు చెప్పి పంపించారు. ఇంకోసారి వస్తే నడుంనొప్పి అనుకుని దిండు చేతిలో పెట్టి పంపించారు. మిషను ఆపలేదు మీరు. నేనూ మీకు చెప్పబోయాను. నాకూ దూది రకాలు చెప్పారు."

బావ మా అక్క వైపు, ఆమె ఎవరో కొత్త మనిషైనట్టు, చూశాడు. తర్వాత రంగుల షాపాయన వైపు చూశాడు. "ఆ దిండు..." అన్నాడు.

"బాగుంది బావా. మా అమ్మ తలకింద పెట్టుకుంటోంది" అన్నాడాయన మొహమాటంగా.

ఆవిడ ఉత్తర్వు చదివింది. స్థలం బావదే, పాత మార్పు చెల్లదు. దూది గురించి ఉత్తర్వు ఇచ్చే అధికారం తనకి లేదని, అది వాళ్ళిద్దరే మాట్లాడుకోవాలని చెప్పింది. వాళ్ళు మెట్లు దిగుతూ మాట్లాడుకున్నారు. రంగుల షాపాయన మాట్లాడాడు, బావ ఊ కొట్టాడు. వెనకాల పరుపు కింద నేను. ఆయన చెక్కలు ఆరబెట్టే పూట మిషను వెయ్యకూడదని, రేకుల ముందు తడి గోనెపట్టా కట్టాలని ఒప్పుకున్నారు. పరుపు మోయడం గురించి మాత్రం ఎవరూ ఏమీ మాట్లాడుకోలేదు!

ఇంటికొచ్చాక బావ తిన్నగా స్థలంలోకి వెళ్ళాడు. తన స్థలం తనకి దక్కింది, ఇంక మోత మోగించేస్తాడనుకున్నాను. మిషను ముందు కాసేపు నిలబడి, ఆన్ చెయ్యకుండానే వెనక్కి వచ్చాడు. వంటగది గుమ్మంలో పీట వేసుకుని మా అక్క ఎదురుగా కూర్చున్నాడు.

"ఆయన చెప్పాడు, నేను వినలేదు. సరే, ఒప్పుకుంటున్నా" అన్నాడు. గొంతు ఎంత తగ్గిందంటే నేను రెండడుగులు ముందుకి జరగాల్సి వచ్చింది. "నువ్వు చెప్పినవీ, నేను విననివీ... ఇంకా ఉన్నాయా?"

మా అక్క చేతిలో గిన్నె కింద పెట్టింది. "ఉన్నాయి" అంది.

"చెప్పు."

ఆమె నోరు తెరిచింది. మళ్ళీ మూసింది. ఏదో వెతుక్కుంటున్నట్టు గోడ వైపు చూసి, "ఏమోనండీ. ఎప్పుడో చెప్పడం మానేశాను. ఇప్పుడు మీరు అడిగితే ఒక్కటీ నోటికి రావట్లేదు" అంది.

నేను ఇలాంటప్పుడే ఏదో ఒక వెక్కిరింపు మాట అంటాను. ఆ పూట నేనూ గోడకి ఆనుకుని వినడానికే నిలబడ్డాను. ఇన్నేళ్ళూ బావ వాగుడు గురించి ఊరంతా చెప్పుకుని నవ్వాను, ఆ ఇంట్లోనే ఇంకో మనిషి నోరు మూసుకుని ఉందని నాకు తట్టనే లేదు.

బావ కదల్లేదు. "తొందరేం లేదు. నేనిక్కడే ఉంటాను" అని, రెండు చేతులూ తొడల కింద పెట్టుకుని కూర్చున్నాడు. మా అక్క తల దించుకుంది. గిన్నె తీసి పక్కన పెట్టింది, ఇంకో గిన్నె తీసి దాని మీద పెట్టింది. బయట ఎవరో పాత దిండ్లు పట్టుకొచ్చి "బావా! ఓ బావా!" అని కేకలు మొదలుపెట్టారు. ఆయన పలకలేదు. వాళ్ళు లోపలికి తొంగిచూసి మళ్ళీ పిలిచారు.

బావ అటు తిరక్కుండానే, "ఆగండయ్యా కాస్త. మా ఆవిడ మాట్లాడబోతోంది" అన్నాడు.